మొగ్గ అడిగిన రాయి

సాబ్రీ బే చేతికర్ర ఎత్తి కుళాయి గోడ పైభాగాన్ని చూపించాడు.

"అదిగో, అదే. వచ్చే శనివారం కొత్త రాజ్యం పుట్టినరోజు పండగ నాటికి అది కనబడకూడదు ఉస్తా. ఉలి పెట్టి నున్నగా చెక్కి పారెయ్యండి. దాని మీద మన జెండా గుర్తు, నెలవంకా నక్షత్రమూ ఉన్న పలక బిగించండి."

రాతిపనిలో ఆరితేరిన మేస్త్రీ కాబట్టి ఊరు ఉస్తా అని పిలిచే వెహ్బీ తలెత్తి చూడలేదు. అక్కడేముందో అతనికి కళ్లు మూసుకున్నా తెలుసు. పైకి లేచిన మూడు నిలువు గీతలు, ఎడమ పక్కన ఒకదాన్నొకటి చుట్టుకున్న రెండు గుండ్రాలు, కుడివైపు సాగిన తోక. పాత సుల్తాను పేరును మెలికలు తిప్పి అల్లిన రాజముద్ర, తుగ్రా. ఆ తోక చివర చిటికెనవేలి గోరంత గులాబీ మొగ్గ. ఇంజెకాయ బజారులో ఆడవాళ్లు బిందెలు నింపుకుంటూ, గాడిదలవాళ్లు మొహాలు కడుక్కుంటూ ముప్పై ఎనిమిదేళ్లుగా దాని కిందే నిలబడుతున్నారు. వాళ్లలో తలెత్తి చదివినవాళ్లు పదిమంది కూడా ఉండరు.

"బే గారూ, గోడ పాతది. పైన ఉలి దెబ్బ పడితే కింద తొట్టిదాకా బీటలిస్తుంది," అన్నాడు ఉస్తా.

"ఇస్తే సున్నం పెట్టండి. వైద్యశాల గుమ్మం మీద ఉన్నది నిన్న మనవాళ్లు చెక్కేశారు. గుమ్మమేమన్నా కూలిపోయిందా?"

వైద్యశాల గుమ్మం సంగతి ఉస్తాకి తెలుసు. పుండు మీద పొక్కు లేచినట్టు ఉంది ఇప్పుడది. చెక్కినవాళ్లు రాతిపని చేసేవాళ్లు కారు, రోడ్డు పనివాళ్లు.

"ఏం, సుల్తాను మీద మనసు పోనట్టుందే?" సాబ్రీ బే నవ్వుతూనే అన్నాడు. కానీ ఎదురుగా కాఫీ దుకాణంలో కూర్చున్నవాళ్లు కప్పులు దింపి ఇటు చూశారు. మున్సిపాలిటీలో పనుల అధికారి అతను. వయసు ఇరవయ్యారు. ఆ మాట నవ్వుతూ అన్నా, నవ్వకుండా అన్నా ఊళ్లో దాని బరువు ఒకటే.

ఉస్తాకి ఒళ్లు మండింది. తన అన్నను యెమెన్ యుద్ధానికి తోలింది ఆ సుల్తానే. కనీసం చొక్కా గుండీ కూడా తిరిగి రాలేదు. తన కొడుకు సెలామీ సకార్యా నది ఒడ్డున యుద్ధంలో పోయాడు, ఈ కొత్త రాజ్యం నిలబడటానికే. సుల్తాను మీద తనకెందుకు మనసుంటుంది? కానీ ఆ రాయి చెక్కింది సుల్తాను కాదు. కీర్యాకో ఉస్తా. తనకు ఉలి పట్టుకోవడం నేర్పినవాడు. మూడేళ్ల కిందట ఇక్కడి గ్రీకు క్రైస్తవులైన రోమీలందరినీ గ్రీసుకి పంపేసినప్పుడు, ఎద్దుబండి మీద పరుపుల మధ్య కూర్చుని ఈ బజారు మీదుగానే వెళ్లాడు. బండి ఆపించి, దిగి, ఈ కుళాయి దగ్గరే మొహం కడుక్కున్నాడు. తలెత్తి రాయిని చూశాడు. తడి చేత్తో వెహ్బీ బుగ్గ తట్టి బండెక్కాడు.

ఇవన్నీ కాఫీ దుకాణం ముందు చెప్పుకునే మాటలు కావు.

"శనివారానికి అయిపోతుంది," అన్నాడు ఉస్తా.

ఇంటికొచ్చి కోడలికి చెప్పాడు. హాజెర్ ముంగిట్లో కూర్చుని ఒక సమాధిరాయిని నురగరాయితో రుద్దుతోంది. సెలామీ పోయిన నాటినుంచి ఆమె ఈ పనిలోనే ఉంది. సున్నం కలపడం, రాయి రుద్దడం, సీసం కరిగించడం అన్నీ వచ్చు. ఉలి మాత్రం ఇమ్మంటే ఉస్తా ఇవ్వడు. ఆడదాని మణికట్టుకి ఉలి పనికిరాదంటాడు. తుగ్రా సంగతి వినగానే ఆమె చెయ్యి ఆగింది.

"చెక్కేస్తావా మామయ్యా?"

"చెక్కమన్నారు."

"నేనడిగింది అది కాదు."

ఉస్తా బూట్లు విప్పాడు, కాళ్లు కడుక్కున్నాడు, తిరిగొచ్చి ఆమె పక్కనే తిన్నె మీద కూర్చున్నాడు.

"పైన పలక పెడితే కింద ఏముందో ఎవడు చూడొచ్చాడు?" అన్నాడు.

హాజెర్ నవ్వలేదు. "అడిగితే?"

"చెక్కేశానంటాను."

"నీకు అబద్ధమాడటం రాదు. పోయినేడు సొరకాయలకి తెగులు పట్టిందని పక్కింటావిడకి చెప్పమంటే, మాకే సరిపోవు, అందుకే ఇవ్వం అని ఉన్న నిజం చెప్పొచ్చావు."

"అది సొరకాయ. ఇది రాయి," అన్నాడు ఉస్తా.

ఆది, సోమవారాలు పలక తయారుచేశారు. తెల్లటి మెత్తరాయి. కాగితం మీద నెలవంకా నక్షత్రమూ గీసి, గీత పొడవునా సూదితో బెజ్జాలు పొడిచి, రాయి మీద పరిచి, గుడ్డలో కట్టిన బొగ్గుపొడితో అద్దితే చుక్కలు దిగాయి. చుక్కల వెంట ఉస్తా చెక్కాడు. బాగానే వచ్చింది. కొత్త గుర్తు తిన్నటిది. దాచుకోడానికి మెలికలు లేవు.

మంగళవారం పొద్దున కుళాయి ముందు పరంజా కట్టి చుట్టూ గోనెపట్టాలు దించారు. దుమ్ము నీళ్లలో పడకుండా అని చెప్పారు. లోపల హాజెర్ వెంట తెచ్చుకున్న పనికిరాని రాయి ఒకటి మోకాళ్ల మధ్య పెట్టుకుని, సుత్తీ పాత ఉలీ తీసుకుని దబదబా బాదడం మొదలుపెట్టింది. పెళ్లలు లేచి గోనెల కిందనుంచి బయటికి దొర్లాయి. చేతులారా ఉలి పట్టి కొట్టడం ఆమెకు అదే మొదటిసారి. అది చెక్కడానికి కాదు, చెక్కుతున్నట్టు వినిపించడానికి.

"అయ్యో, అయ్యో, మన కుళాయి!" బయటినుంచి కాఫీ దుకాణం హుర్షిత్ గొంతు వినిపించింది. "ఉస్తా, కొంచెం మెల్లగా! కాఫీలో రాళ్లు పడుతున్నాయి."

"నీ కాఫీలో ఎప్పుడు లేవు?" హాజెర్ సుత్తి ఆపకుండానే అరిచింది. బయట నవ్వులు లేచాయి.

ఉస్తా ఆ మోత చాటున తన పని తను చేసుకుంటున్నాడు. తడిగుడ్డతో తుగ్రా అంతా తుడిచాడు. గీతల సందుల్లో చేరిన నాచును పుల్లతో తీశాడు. మొగ్గ దగ్గరికొచ్చేసరికి చెయ్యి తనంతట తనే మెత్తబడింది. ఆ పైన మేక ఉన్నితో చేసిన పల్చటి దుప్పటి ముక్క కప్పాడు. చుట్టూ అంచుకి మాత్రమే సున్నం పెట్టి పలక నిలబెట్టాడు. నాలుగు మూలలా ఇనుప కొక్కేలు దిగేసి, హాజెర్ కరిగించి తెచ్చిన సీసం పోశాడు. సీసం చల్లబడుతూ చిటపటలాడింది.

సాయంత్రం గోనెలు విప్పేశారు. సాబ్రీ బే వచ్చి, నడుం మీద చేతులు పెట్టుకుని చూసి, "చూశారా, ఎంత బావుందో!" అన్నాడు. "కింద నున్నగా చెక్కేశారుగా?"

"అయిపోయింది," అన్నాడు ఉస్తా. మాట బాగానే వచ్చింది. చెమట మాత్రం మెడ వెనకనుంచి చొక్కాలోకి దిగింది.

ఆ రోజు రొట్టె నోట్లో పెట్టుకున్నా మింగుడుపడలేదు. పలక గోడ కన్నా రెండు వేళ్లు ముందుకి ఉంది. కింద చెక్కేసి ఉంటే గోడతో సమంగా కూర్చునేది. ఊళ్లో ఎవరికీ తెలియకపోవచ్చు. కానీ రాతిపని తెలిసినవాడెవడైనా ఒక్కసారి పక్కనుంచి చూస్తే చాలు. ఆ రెండు వేళ్లే అతన్ని తినేస్తున్నాయి.

బుధవారం మధ్యాహ్నం రాజధాని అంకారానుంచి ఇన్‌స్పెక్టరు దిగాడు. శుక్రవారం జరగబోయే జనాభా లెక్కల ఏర్పాట్లు చూడటానికి వచ్చాడతను. ఆ రోజు దేశమంతా లెక్క ముగిసిందని ఫిరంగి మోగేదాకా ఒక్కరూ ఇల్లు దాటకూడదు. ఇన్‌స్పెక్టరు సన్నటి మనిషి, నెరిసిన మీసం, మోచేతుల దగ్గర మెరుస్తున్న కోటు. సాబ్రీ బే అతన్ని ఊరంతా తిప్పి, ఇళ్లకి వేయించిన నంబర్లు చూపించి, చివరికి గర్వంగా కుళాయి దగ్గరికి తీసుకొచ్చాడు. ఉస్తాను కూడా పిలిపించాడు. హాజెర్ వెంటే వచ్చి నాలుగడుగుల దూరంలో నిలబడింది.

ఇన్‌స్పెక్టరు పలకను ముందునుంచి చూడలేదు. పక్కకి నడిచి, గోడకి చెంప ఆనించినంత పనిచేసి, వేలితో అంచు తడిమాడు.

"ఇది ఇంత ముందుకెందుకుంది?"

సాబ్రీ బే తనూ వెళ్లి చూశాడు. అతని మొహం క్రమంగా ఎర్రబడింది.

"ఉస్తా, కింద చెక్కావా లేదా?"

అప్పటిదాకా మీరు అన్నవాడు. ఉస్తాకి సొరకాయ అబద్ధం గుర్తొచ్చింది. ఇక్కడా అబద్ధం నోటికి రాలేదు.

"గునపం తీసుకురండి!" అని సాబ్రీ బే అరిచాడు.

"ఆగండి, అవసరం లేదు," అని ఇన్‌స్పెక్టరు అంటూనే ఉన్నాడు. అప్పటికే రోడ్డు పనివాడొకడు నిచ్చెనెక్కి పలక పైఅంచులో గునపం దూర్చాడు. ఉస్తా రెండో నిచ్చెనెక్కాడు. "మెల్లగా, నాయనా, కొక్కెం సీసంలో ఉంది, ముందు సీసం తియ్యాలి." ఆ మాట పూర్తి కాకుండానే కొక్కెం ఊడింది. పలక ఒక మూలకు వంగి గిర్రున తిరిగింది. గునపం మొన గుడ్డ మీదుగా సూటిగా తోక వైపు జారింది. ఉస్తా ఆలోచించలేదు. కుడిచెయ్యి అడ్డం పెట్టాడు.

పలక కిందపడి రెండు ముక్కలైంది. హాజెర్ "మామయ్యా!" అంటూ పరిగెత్తుకొచ్చి నిచ్చెన పట్టుకుంది. ఉస్తా చేతి మూడు వేళ్లు గునపానికీ రాయికీ మధ్య నలిగాయి. రక్తం పెద్దగా లేదు గానీ వేళ్లు అప్పుడే నల్లబడుతున్నాయి. దుప్పటి ముక్క జారి తొట్టిలో పడింది. బజారంతా తలెత్తింది. నాచు తీసి తుడిచిన తుగ్రా నిన్ననే చెక్కినంత తెల్లగా ఉంది.

"అబద్ధమాడావు," అన్నాడు సాబ్రీ బే. "నిన్నంతా నా ఎదుట గోనెలు కట్టి నాటకమాడావు. దీన్నేమంటారో తెలుసా? ఇది రాజ్యానికి ద్రోహం. నేను జండార్మా పోలీసులను పిలిపిస్తున్నాను."

హాజెర్ తొట్టి నీళ్లలో ఉస్తా చేతిని ముంచి పట్టుకుంది. "ద్రోహమంటున్నావా? ఈయన కొడుకు ఎక్కడున్నాడో ఒకసారి అడిగి మాట్లాడు."

"నువ్వూరుకో అమ్మాయ్," అన్నాడు ఉస్తా. నొప్పి కన్నా భయం ఎక్కువగా ఉంది. తనను తీసుకెళ్తే ఈ పిల్ల ఒక్కతే మిగులుతుంది. ఆ తర్వాత ఆ రాయి మీద రోడ్డు పనివాళ్లు ఉలి పెడతారు. అంటే చేసిందంతా వృథా.

ఇన్‌స్పెక్టరు తోలుసంచి విప్పి అడుగునుంచి మడతపెట్టిన కాగితం ఒకటి తీశాడు.

"సాబ్రీ బే, మే నెలలో వచ్చిన చట్టం మీ దగ్గరుందా?"

"సారాంశం వచ్చిందండీ. తుగ్రాలు కనబడకూడదు అని."

"సారాంశం." ఇన్‌స్పెక్టరు కళ్లజోడు పెట్టుకుని కాగితం మీద వేలు ఆనించి చదివాడు. "చెడకుండా ఊడదీయగలిగినవి ఊడదీసి మ్యూజియానికి పంపాలి. ఊడదీస్తే కట్టడం అందం చెడేవాటిని తగినట్టు కప్పి ఉంచాలి." కళ్లజోడు మీదుగా చూశాడు. "చెక్కేయమని ఇందులో ఎక్కడుంది? నాకు కనబడటం లేదు, మీ కళ్లు కుర్రవి, మీరు చూడండి."

సాబ్రీ బే కాగితం అందుకున్నాడు. ఒకసారి చదివాడు. మళ్లీ చదివాడు. ఎర్రటి మొహం పాలిపోయింది.

"మరైతే... వైద్యశాల గుమ్మం..."

"దాని గురించి నేను రాయాల్సి ఉంటుంది," అన్నాడు ఇన్‌స్పెక్టరు. అతని గొంతులో కోపం లేదు, అలసట ఉంది. "మీ ఊరే కాదు. దారి పొడవునా ఇదే. అంకారా కప్పమంటే జిల్లా గీకమంటుంది, ఊరు పగలగొడుతుంది. అందరికీ ముందుండాలనే తొందర." ఉస్తా వైపు తిరిగాడు. "ఈ నెల్లాళ్లలో చట్టం చెప్పినట్టు చేసిన ఉస్తాను నిన్నొక్కడినే చూశాను. నీకు చదివి వినిపించిందెవరు?"

"ఎవరూ లేరండీ," అన్నాడు ఉస్తా. "నాకు చెయ్యి రాలేదు, అంతే."

ఆ మాట అని తొట్టి గట్టు మీద కూలబడ్డాడు. ధార కింద ఎడంచెయ్యి దోసిలి చేసి నీళ్లు తాగాడు. మొహాన కొట్టుకుని మళ్లీ తాగాడు. ముందురోజు సాయంత్రం తర్వాత గొంతులో ఏదైనా తిన్నగా దిగడం అదే మొదటిసారి. ఏడుపొచ్చింది. నీళ్లు కొట్టుకున్న మొహం కాబట్టి ఎవరికీ తెలియలేదు. హాజెర్‌కి తెలిసింది.

ఇన్‌స్పెక్టరు ఇంకా పైకే చూస్తున్నాడు. "ఆ మొగ్గ ఏంటి? ఇలాంటివి చాలా చూశాను, అక్కడ మొగ్గ ఎక్కడా లేదే."

ఉస్తా తటపటాయించాడు. ముప్పై ఎనిమిదేళ్లలో ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు. భార్యకీ చెప్పలేదు.

"అది నా తప్పండీ. పదిహేడేళ్లవాణ్ణి. ఆ తోక నన్ను చెక్కమన్నాడు మా ఉస్తా. ఉలి జారి ఇంత పెళ్ల లేచిపోయింది. వణికిపోయాను. సుల్తాను ముద్ర అది, తప్పు చేస్తే ఏం చేస్తారో కూడా తెలీదు. కీర్యాకో ఉస్తా నిచ్చెనెక్కి చూశాడు. తిట్టలేదు. 'ఒరే, ఇక్కడ నన్ను మొగ్గ పెట్టమని రాయి అడుగుతోంది' అన్నాడు. ఆ గుంటలో మొగ్గ చెక్కేశాడు. ప్రారంభానికి వచ్చిన పాషాగారు మొగ్గనే ఎక్కువ మెచ్చుకున్నాడు."

ఇన్‌స్పెక్టరు మీసం కింద నవ్వాడు. కాఫీ దుకాణం దగ్గర హుర్షిత్ గట్టిగానే నవ్వాడు. "అంటే ముప్పై ఎనిమిదేళ్లనుంచి నీ తప్పుకిందే నీళ్లు పట్టుకుంటున్నామా ఉస్తా!"

"పలక మళ్లీ పెట్టండి," అని ఇన్‌స్పెక్టరు సాబ్రీ బేతో చెప్పాడు. "ఉన్ని గుడ్డతో సహా. రెండు వేళ్లు ముందుకున్నా ఫర్వాలేదు." ఆ మాట చెప్పి అతను వెళ్లిపోయాడు.

సాబ్రీ బే వెంటనే వెళ్లలేదు. పగిలిన పలక ముక్కల దగ్గర కాసేపు నిలబడ్డాడు. "నాకొక మాట చెప్పుంటే బావుండేది," అన్నాడు మెల్లగా.

"చెప్పబోయాను. సున్నం పెట్టమన్నారు," అన్నాడు ఉస్తా.

కుర్రవాడు తల దించుకున్నాడు. ఉస్తాకి అతని మీద కోపం నిలవలేదు. నిలబెట్టుకోడానికి ఒంట్లో ఓపిక మిగల్లేదు మరి.

పండగకి రెండు రోజులే ఉన్నాయి. కొత్త పలక కావాలి. ఉస్తా వేళ్లు వంకాయల్లా వాచాయి. సుత్తి కాదు, గరిటె కూడా పట్టుకోలేడు. గురువారం పొద్దున రాయి ముంగిట్లోకి దించుకుని ఇద్దరూ దాని వైపు చూస్తూ కూర్చున్నారు. బొగ్గు చుక్కలు దించడం అయిపోయింది. ఇక చెక్కడమే.

"పక్కూరు ఉస్తాకి కబురంపనా?" అంది హాజెర్.

"రేపు లెక్కల రోజు. ఎవడూ ఇల్లు కదలడు."

ఆమె ఉలి అడగనే లేదు. ఇన్నాళ్లూ అడిగి అడిగి మానేసింది. ఉస్తా ఎడంచేత్తో పనిముట్ల పెట్టె మూత తీశాడు. గోనెల వెనక ఆమె దబదబా బాదిన మోత గుర్తొచ్చింది. ఆ దెబ్బల్లో ఒక వరస ఉంది, అప్పుడు గమనించలేదు. కీర్యాకో తనకిచ్చిన సన్నమూతి ఉలి తీసి ఆమె ముందు పెట్టాడు.

"బొటనవేలు పైన కాదు, పక్కన. చూపు ఉలి తల మీద కాదు, మొన మీద ఉండాలి," అన్నాడు.

గురువారమంతా చెక్కింది. ఉస్తా పక్కనే కూర్చుని "ఆఁ", "ఊఁహూఁ" అనడం తప్ప ఇంకేమీ అనలేదు. శుక్రవారం ఊరు ఊరంతా మూగబోయింది. వీధిలో కాలి చప్పుడు లేదు. మసీదు మెట్లు ఖాళీ, కోళ్లు బజారు మధ్య తిరుగుతున్నాయి. ఆ నిశ్శబ్దంలో హాజెర్ ఉలి చప్పుడు ఒక్కటే వినిపిస్తోంది. నెలవంక పూర్తయింది. నక్షత్రం నాలుగు కొనలు వచ్చాయి. అయిదో కొన కింద ఉలి జారింది.

గోరంత పెళ్ల ఎగిరి ఆమె ఒళ్లో పడింది.

హాజెర్ ఉలి కింద పెట్టేసింది. పెదాలు బిగించింది. "చెప్పావుగా మామయ్యా," అంది. "ఆడదాని మణికట్టు అని."

ఉస్తా వంగి గుంట చూశాడు. వాచిన వేలితోనే తడిమాడు. ఆనాడు కుళాయి ముందు నుంచున్న పదిహేడేళ్ల కుర్రవాడు జ్ఞాపకమొచ్చాడు. వాడి వణుకూ గుర్తొచ్చింది. నిచ్చెన మీది ముసలి గొంతు కూడా వినబడింది.

"ఉలి తియ్యి," అన్నాడు. "ఇక్కడ మొగ్గ పెట్టమని రాయి అడుగుతోంది."

హాజెర్ అతని మొహంలోకి చూసింది. తర్వాత ఉలి తీసింది.

మొగ్గ సగంలో ఉండగా తలుపు చప్పుడైంది. చేతికి లెక్కల పట్టీ కట్టుకున్న సాబ్రీ బే. పెద్ద పుస్తకం, సిరాబుడ్డి పట్టుకుని తిన్నె మీద కూర్చున్నాడు. ఉస్తా చెయ్యి చూసి, జేబులోంచి చిన్న లేపనం డబ్బీ తీసి, పక్కన పెట్టాడు. పలక చూశాడు.

"జెండా మీద మొగ్గ ఉండదు కదా ఉస్తా," అన్నాడు.

"ఉండదు. కుళాయి మీద ఉంటుంది."

సాబ్రీ బే పుస్తకం తెరిచాడు. ఉస్తా పేరు, వయసు, పుట్టిన ఊరు రాసుకున్నాడు. వృత్తి, రాతిపని. తర్వాత హాజెర్. వయసు ముప్పై ఒకటి. విధవ. వృత్తి గడి దగ్గరికొచ్చి అడగకుండానే కలం ముంచాడు.

"ఇంటిపని," అన్నాడు రాయబోతూ.

"కాదు," అన్నాడు ఉస్తా.

సాబ్రీ బే తలెత్తాడు. హాజెర్ సుత్తి గాలిలోనే ఆగింది.

"కళ్లెదుట కనబడుతోందిగా బే గారూ. రాతిపని. ఉస్తా అని రాయండి."

"అంటే, చేతిసాయం అనా..."

"ఈసారి సారాంశం వద్దు. ఉన్నదున్నట్టు రాయండి."

సాబ్రీ బే ఆమె సున్నపు చేతులు చూశాడు, ఆమె మోకాళ్ల మధ్య తెల్లగా లేస్తున్న మొగ్గను చూశాడు. కలం మళ్లీ ముంచి, తీరిగ్గా, ఒక్కో అక్షరమే రాశాడు. ఉస్తా వంగి చదివాడు. సరిగ్గానే ఉంది.

సాబ్రీ బే పుస్తకం మూయబోయాడు.

"అప్పుడే మూయకండి," అంది హాజెర్ ఉలి మొన మీంచి చూపు తిప్పకుండా. "సిరా ఆరనివ్వండి."